నాలుగువందల పన్నెండు

పదకొండు గంటలకు పిలుస్తామన్నారు. గోడ గడియారంలో ఇప్పుడు పది దాటి ఐదు నిమిషాలు. అంటే అతను ఇంకా గంట దగ్గర దగ్గర ఈ బెంచీ మీద కూర్చోవాలి, అదీ ఫిట్టరు పక్కన. కార్మిక సంఘాల రిజిస్ట్రారు ఆఫీసు వరండాలో ఉన్నవి రెండే బెంచీలు మరి, ఎదురు బెంచీని వైండింగ్ సెక్షన్ ఆడవాళ్లు ఐదుగురు ఆక్రమించేశారు, ఆ ఐదుగురిలో చివర, కిటికీ పక్కన, ఒళ్ళో చేతిసంచి పెట్టుకుని కూర్చున్నది అతని భార్య. ఆమె వాళ్లతోపాటు వచ్చింది. ఇంట్లోంచి ఇద్దరూ కలిసే బయల్దేరారు, తాళం అతనే వేశాడు, వీధి చివరిదాకా పక్కపక్కనే నడిచారు, అక్కడ వ్యాన్ ఆగి ఉంటే "నేను మావాళ్లతో వస్తాను" అని ఎక్కేసింది. మావాళ్లు! పందొమ్మిదేళ్లు నూలు మిల్లు యూనియన్‌కి సెక్రటరీగా ఉన్నవాడికి తన పెళ్లానికి మావాళ్లంటే ఎవరో ఈ ఉదయం తెలిసింది. వ్యాన్ మాట్లాడింది ఎవరో అడగనక్కర్లేదు, ముందు సీట్లో ఫిట్టరు కూర్చుని ఉన్నాడు, చెయ్యి బయటపెట్టి ఊపాడు కూడా, "అన్నా, చోటుంది, రా" అని. చోటుందట. పందొమ్మిదేళ్ల చోటు లాక్కుని, వ్యాన్‌లో ఇంత చోటు చూపిస్తాడు. అతను బస్సులో నిలబడి వచ్చాడు.

తలుపు సందులోంచి అటెండరు తల బయటపెట్టి, "నూలు మిల్లు యూనియన్ సెక్రటరీ ఎవరండీ?" అన్నాడు. అతను లేచాడు. ఫిట్టరూ లేచాడు. అటెండరు ఇద్దర్నీ మార్చి మార్చి చూశాడు. "ఇద్దరా?" అన్నాడు. "అది తేల్చుకుందామనే వచ్చాం సార్" అన్నాడు ఫిట్టరు. ఎదురు బెంచీ గొల్లుమంది. ఆమె కూడా నవ్వింది, పెద్దగా కాదు, పెదవి బిగబట్టి తల కిటికీ వైపు తిప్పేసుకుంది, భుజాలు మాత్రం కదిలాయి. ఆ భుజాలు అతనికి తెలియనివా. వాడికి మాట ఎప్పుడూ నోటి చివరే ఉంటుంది, అదేం నోరో, తనకు మాట కావాలంటే ముందు రోజే కాగితం మీద పెట్టుకోవాలి, రెండుసార్లు కొట్టివేతలుండాలి, అప్పటికి జనం కుర్చీలు సర్దేస్తూ ఉంటారు. అటెండరుకి కావలసింది రెండు పక్షాల ఫారాల నకళ్లే. ఇచ్చి కూర్చున్నారు. ఒకే యూనియన్, ఒకే రిజిస్ట్రేషన్ నంబరు, నాలుగు నెలల కిందటి ఎన్నిక తర్వాత కార్యవర్గం జాబితాలు మాత్రం రెండు. ఒకదాని పైన అతని పేరు, ఇంకోదాని పైన వాడి పేరు. లోపల ఆ పెద్ద రిజిస్టరులో ఇప్పటికీ ఉన్నది అతని పేరే, రిజిస్ట్రారు కలంతో కొట్టేదాకా అదే ఉంటుంది, ఆ కలం ఈ పూట కదులుతుందో లేదో తేలాలి. మిల్లు యాజమాన్యం హాయిగా చేతులు కట్టుకు కూర్చుంది, మీలో సెక్రటరీ ఎవరో తేలాక రండి, ఒప్పందం మాట్లాడుకుందాం అని. నాలుగు నెలలుగా ఆరువందల మంది గొంతులో వెలక్కాయ పడ్డట్టు ఉన్నారు, తప్పంతా అతనిదేనన్నట్టు గేటు దగ్గర చూపులు తిప్పుకుంటున్నారు. అందులో కొందరు ఇంకా సెక్రటరీగారూ అనే పిలుస్తారు. పిలిచి, నాలిక్కరుచుకుంటారు. ఆ నాలిక్కరుచుకోవడమే అతను భరించలేడు.

అతని వకీలు కేసు పెట్టింది ఒకే ఒక్క పాయింటు మీద. నియమావళి పద్నాలుగో నిబంధన, ఎన్నిక రహస్యంగా జరగాలి. ఆ నియమావళి రాసింది ఎవరయ్యా అంటే అతనే, రాశాడంటే ఇంకేదో యూనియన్ పుస్తకం తెచ్చి వరసగా దించేశాడు, పద్నాలుగో నిబంధన దించుతున్నప్పుడు టీ తాగుతున్నాడేమో కూడా. ఎన్నిక జరిపే పద్ధతి మాత్రం సొంత బుర్ర. మిల్లులో ప్రతి మనిషికీ ఒక ఇత్తడి బిళ్ళ ఉంటుంది, మీద నంబరు, పైన చిన్న చిల్లు. పొద్దున గేటులో బోర్డు మీది మేకు నుంచి ఎవరి బిళ్ళ వాళ్లు తీసుకుని లోపలికి వెళ్లాలి, సాయంత్రం మళ్లీ తగిలించాలి, బిళ్ళ లేకపోతే ఆ రోజు మనిషి లేనట్టే. ఎన్నిక రోజున దాన్ని మేకుకి తగిలించకుండా పోటీదార్ల ఫోటోలంటించిన నూనె డబ్బాల్లో ఒకదాంట్లో వెయ్యడమే, చదువు రానివాడికీ ఇబ్బంది లేదు, దొంగ ఓటు వేద్దామన్నా రెండో బిళ్ళ ఎక్కణ్ణుంచి తెస్తాడు. ఆ పద్ధతి చెప్పిన రోజు జనం అతన్ని భుజాల మీద ఎత్తుకున్నారు. నంబరు కనిపిస్తుంది కదా అని ఎవరో గొణిగితే అతనే ఒక మర్యాద పెట్టాడు, బిళ్ళల్ని బోర్లించి పదేసి దొంతరలుగా లెక్కపెట్టాలి, లెక్కయ్యాక రెండు డబ్బాలవీ ఒక్క కుప్పలో కలిపేసి అప్పుడు నంబర్లు చూసి మేకులకు తగిలించాలి. వైండింగ్ ఆడవాళ్లు తమ బిళ్ళ చటుక్కున దొరకడానికి చిల్లులో దారం ముక్కలు కట్టుకుంటారు, ఓటు రోజున ఆ దారాలు విప్పేసి వేస్తారు, అది వాళ్లు పెట్టుకున్న మర్యాద. పందొమ్మిదేళ్లు ఎవరూ ఏ బిళ్ళనీ తిప్పి చూడలేదు. చూడవలసిన అవసరమూ రాలేదు, ప్రతిసారీ అతని డబ్బానే నిండి పొర్లేది, అవతలి డబ్బాలో నాలుగు బిళ్ళలు గలగలమనేవి.

ఓటు బయటపడే వీలుందంటే సరిపోదండీ, బయటపడిందని చూపించాలి అంటాడు వకీలు. ఒక్క మనిషి చాలు, ఫలానా వారి ఓటు ఫలానా డబ్బాలో ఉండగా ఫలానా వారు చూశారు అని తేలితే చాలు, ఎన్నిక కొట్టేస్తారు, రిజిస్ట్రారు దగ్గరుండి మళ్లీ కాగితం ఓటుతో జరిపిస్తారు, మీకింకో అవకాశం. "ఉన్నారా అలాంటి వాళ్లెవరైనా?" అని మూడుసార్లు అడిగాడు. మూడుసార్లూ ఆలోచించి చెప్తానన్నాడు అతను. ఆలోచించడానికేముంది, నాలుగు నెలలుగా ఒకే ఒక్క నంబరు తప్ప ఇంకో ఆలోచన ఉంటేగా.

ఎదురు బెంచీ మీద ఆమె కాళ్లు చాపి, మడమలు నేలకు ఆనించి, పాదాలు మెల్లగా అటూ ఇటూ తిప్పుతోంది. ఇంట్లోనూ అంతే, రాగానే గోరువెచ్చని నీళ్లలో కాళ్లు పెట్టుకుని కూర్చుంటుంది, ఆ బకెట్టు తగిలి అతను ఒకసారి బోర్లా పడబోయాడు. వైండింగ్‌లో ఎనిమిది గంటలు నిలబడే పని, తెగిన దారం ముడెయ్యడం, ఇంకోటి తెగడం, అటు నడవడం, ఇటు నడవడం. కాసేపు ఆనుకోవడానికి స్టూళ్లు కావాలని ఆడవాళ్లు అర్జీ పెట్టారు, అతను వాళ్ల ఎదురుగానే మినిట్సు పుస్తకంలో రాసుకున్నాడు, వచ్చే ఒప్పందంలో చూద్దాం అన్నాడు. ఏం, తప్పా? ఒప్పందమంటే ఎన్ని ఉంటాయి, దేని వెనక ఏది పెట్టాలో తెలిసినవాడు కాబట్టే ఇన్నేళ్లు నెగ్గుకొచ్చాడు. ఈలోగా ఫిట్టరు ఏం చేశాడు, వర్క్‌షాపులో పారేసిన పైపు ముక్కలు వెల్డింగ్ చేసి ఒక స్టూలు తయారుచేశాడు, ఒక పొద్దున తీసుకెళ్లి వైండింగ్ మధ్యలో పెట్టాడు. సూపర్‌వైజరు తీసెయ్యమన్నాడట. మీరు కూర్చుని చూసి, బాగా లేకపోతే తీసేస్తా సార్ అన్నాడట వీడు. ఆ మాట ఆమె ఇంటికొచ్చి రెండు రోజులు చెప్పుకుని నవ్వింది, అన్నం వడ్డిస్తూ నవ్వింది, గరిటె పట్టుకుని సూపర్‌వైజరు ముఖం పెట్టి చూపించింది. ఆ రెండు రోజుల్లో ఎన్నిసార్లు నవ్విందో అతను లెక్కపెట్టాడు, ఏడుసార్లు. తనేమన్నా చెబితే ఏనాడైనా ఇలా నవ్విందా అని వెతుక్కున్నాడు, పెళ్లయిన కొత్తలో ఒకటి దొరికింది, అదీ అతను మెట్ల మీద జారిపడ్డప్పుడు. ఆ స్టూలు మీద ముందు కూర్చున్నది ఎవరని అడిగాడు. "నేనే" అంది. అలా తేలిగ్గా అనేసింది. ఆ పూట అన్నం సయించలేదు.

వాడు పరాయివాడూ కాదు, అదీ కష్టం. మిల్లులో చేరిన కొత్తలో అర్జీ ఎలా రాయాలో నేర్పింది అతను, "తమరి విధేయుడు" అన్నది కొట్టేసి "ఇట్లు, కార్మికుడు" అని రాయించింది అతను, గేటు ముందు డబ్బా ఎక్కి మాట్లాడేటప్పుడు చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియక జేబులో పెట్టుకుంటే బయటికి తీయించింది అతను. ఇప్పుడు ఆ చేతులే చూడు, ఎలా తిరుగుతున్నాయో గాల్లో. మాటకు ముందు అన్నా, మాటకు వెనక అన్నా. ఆమెనేమో వదినా. ఆ వదినా అనే మాటలో ఏ వంకా పెట్టలేం, ఎంత వెతికినా దొరకదు, వాడి భార్యా పిల్లలూ వీళ్లింటికి వస్తూ పోతూనే ఉంటారు, అనుమానించేంత నీచానికి అతను దిగలేదు, దిగి ఉంటే కొంత తేలిగ్గానే ఉండేది. ఇది అది కాదు. తనకు పందొమ్మిదేళ్లు కష్టపడితే దొరికిన చూపు, మీటింగులో జనం ముఖాల్లో కనిపించే ఆ చూపు, వాడికి ఆమె కళ్లల్లో ఊరికే దొరికింది. అసూయ అనే మాట అతనికి నచ్చదు, ఆ మాట చిల్లర మనుషులదని అతని నమ్మకం, ఏ పేరు పెట్టుకున్నా కడుపులో మండేది మాత్రం అదే.

లెక్కింపు రోజు క్యాంటీన్ హాల్లో మధ్యాహ్నపు ఎండ టేబుళ్ల మీదికి వచ్చి ఉంది. ఫిట్టరు డబ్బా బోర్లించారు, ఇత్తడి కుప్ప జారిపోయి నేల మీద కూడా పడింది, చప్పుడు వినగానే అతనికి తెలిసిపోయింది. అయినా లెక్కపెట్టాడు, సెక్రటరీగా లెక్కపెట్టవలసింది తనే కాబట్టి, బోర్లా తిప్పడం, పది పేర్చడం, పక్కకు జరపడం. అలా ఒకటి చేతికి వచ్చింది, దానికి దారం ఉంది. పచ్చదీ తెల్లదీ పేనిన దారం, చివర మూడు ముడులు. కుప్ప మొత్తం మీద ఆ ఒక్కదానికే ఉంది. అలాంటి మూడు ముడులే ఆమె ఇంటి తాళంచెవి గుత్తికీ వేసింది, రోజూ చూసేవే, నంబరు చూడనక్కర్లేదు, అయినా తిప్పి చూశాడు. నాలుగువందల పన్నెండు. విప్పడం మరిచిపోయింది అనుకున్నాడు, ఆత్రంలో మరిచిపోయింది, వాడికి వెయ్యాలన్న ఆత్రం. దాన్ని మళ్లీ బోర్లించి దొంతరలో పెట్టాడు, ఎనిమిది, తొమ్మిది, పది, పక్కకు జరిపాడు. వాడికి మూడువందల పదకొండు, తనకు రెండువందల తొంభై ఎనిమిది. పదమూడు ఓట్ల తేడా, ఆ ఒక్కటి అటున్నా ఇటున్నా ఓటమి ఓటమే, ఈ లెక్క అతను కొన్ని వందలసార్లు వేసుకున్నాడు. మిగతా మూడువందల పది మందినీ క్షమించడం పెద్ద కష్టమనిపించలేదు. జనం జనమే, ఇవాళ ఇటు, రేపు అటు.

ఆ సాయంత్రం ఇంటికి వెళితే ఆమె తలుపు దగ్గరే ఉంది. "ఏమైంది?" అంది. "పోయింది" అన్నాడు. ఆమె తలుపు పట్టుకుని అలాగే నిలబడింది, ముఖంలోకే చూస్తూ, ఇంకేదో మాట బాకీ ఉన్నట్టు. ఎంత గుండె, అనుకున్నాడు, వేసింది వేసి ఏమైందని అడుగుతుందా. పక్కనుంచి తప్పుకుని స్నానానికి వెళ్లిపోయాడు. తర్వాత కూడా రెండు మూడుసార్లు "ఏవండీ, ఆ రోజు..." అని మొదలుపెట్టింది, వకీలు దగ్గరికి వెళ్లాలి అని చెప్పులేసుకున్నాడు. వకీలు కూడా విసుక్కున్నాడు, కాగితాలేమీ లేకుండా ఊరికే వస్తారేమిటండీ అని. ఒకే ఇంట్లో నాలుగు నెలలు, ఉప్పు అందించమనడం, గ్యాస్ అయిపోయిందనడం, కరెంటు పోయిందనడం, ఇవి తప్ప మాట లేదు. ఆమె నిద్రపోతుంటే ముఖం చూస్తూ కూర్చునేవాడు. ఎవరికి వేసింది, వాడికి వేసింది. తాళంచెవి తీస్తుంటే, షర్టు గుండీ పెట్టుకుంటుంటే, బస్సులో చిల్లర తీస్తుంటే, వాడికి, వాడికి, వాడికి.

పది ముప్పావు. వకీలు ఫైలు చంకలో పెట్టుకుని మెట్లెక్కి వచ్చాడు, చెమట తుడుచుకుంటూ అతని పక్కన ఇరుక్కున్నాడు. "ఏమాలోచించారు? పేరు లేకపోతే ఇవాళ్టితో మన పని అయిపోయినట్టే, ముందే చెప్తున్నా." సరిగ్గా అప్పుడే ఫిట్టరు లేచి కుళాయి దగ్గర సీసా నింపుకొచ్చాడు, ఎదురు బెంచీకి తీసుకెళ్లాడు, అందరినీ దాటుకుని ముందు ఆమెకిచ్చాడు. "వదినా, తాగు, లోపల నోరెండిపోతుంది." "నీకెండదా మరిదీ?" "నాదెండితే మిల్లుకి సెలవివ్వాలి." మళ్లీ నవ్వు. ఈసారి భుజాలు కాదు, నోరు తెరిచే నవ్వింది, నీళ్లు గడ్డం మీదికి కారాయి, ముంజేత్తో తుడుచుకుంది. తను ఇక్కడ ఇదే వరండాలో నలభై నిమిషాలుగా కూర్చుని ఉన్నాడు, దాహంగానే ఉంది, ఆమె ఒక్కసారి ఇటు చూసి తాగుతారా అని అడగలేదు. నువ్వు అడిగావా ఆమెని, అని లోపల ఎవరో అన్నారు, ఆ నోరు మూయించాడు.

"ఉంది" అన్నాడు వకీలుతో. "నంబరు నాలుగువందల పన్నెండు. చూసింది నేనే." వకీలు ముఖం వెలిగిపోయింది. "మరి ఇన్నాళ్లూ చెప్పరేమిటండీ! ఎవరిది?" "లోపల చెప్తాను" అన్నాడు.

లోపల గది చిన్నది, ఫైళ్ల బీరువాలు సగం తినేశాయి, అందరూ గోడలకు ఆనుకుని నిలబడవలసి వచ్చింది. రిజిస్ట్రారు నడివయసు ఆవిడ, ముక్కు మీదికి జారిన కళ్లద్దాల పైనుంచి చూస్తుంది. వకీలు గొంతు సవరించుకుని ఉపన్యాసం మొదలుపెట్టాడు, ఆవిడ చెయ్యెత్తి ఆపింది. "ఓటు బయటపడిందంటున్నారు. ఎవరి ఓటు, ఎవరు చూశారు?"

"నేను చూశానండి" అన్నాడు అతను. "ఫిట్టరు డబ్బాలో. నాలుగువందల పన్నెండో బిళ్ళ."

"చూడకూడదని మీకు తెలుసా?"

"తెలుసండి. చూడకూడదన్న పద్ధతి పెట్టింది నేనే."

టైపిస్టు టకటకా కొట్టుకుపోతోంది. గోడ దగ్గర ఆడవాళ్లు ఒకళ్ల ముఖాలొకళ్లు చూసుకున్నారు, వాళ్లకు నంబరు తెలుసు. ఫిట్టరు "అన్నా..." అని ఆగిపోయాడు. వాడి దగ్గర మాట అయిపోయింది, మొట్టమొదటిసారి. ఈ క్షణం కోసం అతను ఎన్ని రోజులు ఎదురుచూశాడో, వచ్చింది, రుచి మాత్రం లేదు.

"నాలుగువందల పన్నెండు ఎవరు?" అంది రిజిస్ట్రారు.

"నాదేనండి." ఆమె చేతిసంచి పక్కనావిడకి ఇచ్చి ముందుకు వచ్చింది.

"ఈయన మీకేమైనా తెలుసా?"

"మావారండి."

టైపు మిషను ఆగింది. రిజిస్ట్రారు కళ్లద్దాలు తీసి టేబుల్ మీద పెట్టింది. "మీ ఓటు ఈయన చూసినట్టు మీకు తెలుసా అమ్మా?"

"చూస్తారనే వేశానండి" అంది ఆమె. "ఓటేసేముందు మేం దారాలు విప్పేస్తాం. నేను విప్పలేదు. లెక్కపెట్టేది ఆయనే, ఆ ముడి ఆయనకు తెలుసు. ఇంటికొచ్చి అడుగుతారు, అప్పుడు చెప్దామనుకున్నాను. మామూలుగా చెబితే వినరండి, వచ్చే ఒప్పందంలో చూద్దామంటారు. ఆ రోజు తలుపు దగ్గరే నిలబడ్డాను. నాలుగు నెలలైంది. ఇంట్లో అడగలేదు, వకీలుగార్ని పెట్టుకుని ఇక్కడ అడిగిస్తున్నారు."

వకీలు ఫైలు మూశాడు. రిజిస్ట్రారు అతని వైపు తిరిగింది. "ఆవిడే చూపించానంటున్నారు. రహస్యం పోయిందని మీరనడానికి ఇక ఏం మిగిలిందో నాకు తెలియడం లేదు. సరే, రికార్డు కోసం అడుగుతున్నాను. సాక్షిని మీరేమైనా అడగాలా?" వకీలు అతని మోచెయ్యి గిల్లాడు, వద్దని, లేదని చెప్పెయ్యమని. లేదు అనడానికే అతను నోరు తెరిచాడు. ఎవరికి వేసిందో తెలుసు, ఏ డబ్బానో తెలుసు, ఏ దారమో, ఎన్ని ముడులో తెలుసు, ఏడు నవ్వులూ లెక్కున్నాయి. నాలుగు నెలల్లో ఎవరికి అన్న మాట తప్ప ఎందుకు అన్న మాట తనకు ఒక్కసారి కూడా తట్టలేదని ఇంతమంది ముందు, గోడకు ఆనుకుని నిలబడి, అప్పుడు తెలుసుకున్నాడు. సిగ్గుతో మెడ దాకా వేడెక్కింది. అయినా అడిగాడు.

"ఎందుకు?"

టైపిస్టు ఆ ఒక్క మాటా కొట్టి, జవాబు కోసం తలెత్తింది. ఆమె రిజిస్ట్రారుని వదిలేసి, భర్త వైపు పూర్తిగా తిరిగి నిలబడింది.

"ఈ మాట అడగడానికి ఇంత దూరం రావాలా అండీ?" అంది.